తిరుపతి నుంచి డ్యాన్స్ సింగిల్‌ను చార్టు దాకా చేర్చడం ఎలా: ట్యూన్ నుంచి నాలుగో వారం వరకు

తిరుపతి, చిత్తూరు ప్రాంతాల్లో ఇంట్లోనే కంప్యూటర్ పెట్టుకుని పాటలు చేసేవారి నుంచి తరచూ ఒకే ప్రశ్న వస్తోంది. "పాట బాగానే వచ్చింది, విడుదల చేశాం, విన్నవాళ్లందరూ మెచ్చుకున్నారు. చార్టులో ఎందుకు కనిపించలేదు?"

చాలాసార్లు లోపం పాటలో ఉండదు. విడుదలకు ముందే ముగియవలసిన పనులు విడుదలయ్యాక మొదలవుతాయి. చార్టు అంటే ఎక్కువగా విన్న పాటల వరుస జాబితా. అది ఒక పాటకు దక్కిన మొత్తం ఆదరణను కొలవదు, ఒక్క వారంలో ఎన్నిసార్లు విన్నారో లెక్కిస్తుంది. ఏడాది పొడవునా కొద్దికొద్దిగా పోగైన శ్రోతలు దాని కంటికి ఆనరు. అందుకే ఈ మార్గదర్శి ఆ వారాన్ని ముందు ఖాయం చేసి, అక్కడి నుంచి వెనక్కి లెక్కపెట్టుకుంటూ వస్తుంది.

## 1. మొదట శుక్రవారాన్ని ఖాయం చేయండి

కొత్త పాటలకు ప్రపంచమంతటా శుక్రవారమే విడుదల రోజు. 2015 జూలై 10 నుంచి ఈ పద్ధతి నడుస్తోంది. స్పాటిఫై, యూట్యూబ్ వారపు చార్టులు శుక్రవారం నుంచి గురువారం వరకు లెక్కిస్తాయి. శుక్రవారం విడుదలైన పాటకు ఏడు రోజులూ దక్కుతాయి. మంచి ముహూర్తమని సోమవారం విడుదల చేస్తే తొలి వారంలో నాలుగు రోజులే మిగులుతాయి. ముహూర్తం పాటించేవారు పూజ ఆ రోజు చేసుకుని, పాటను శుక్రవారమే వదలడం మేలు.

తర్వాత కాలం. మన ప్రాంతంలో డ్యాన్స్ పాట ఎక్కువగా మోగే సందర్భాలు నాలుగు: సంక్రాంతి, మే నెలలో తిరుపతి గంగమ్మ జాతర, వినాయక చవితి నిమజ్జనాలు, పెళ్లిళ్ల ముహూర్తాలు. కాణిపాకంలో చవితితో మొదలయ్యే బ్రహ్మోత్సవాలు 21 రోజులు సాగుతాయి, కాబట్టి చిత్తూరు వైపు ఆ సందడి ఇంకొంత ఎక్కువ కాలం ఉంటుంది.

పండుగ రోజున విడుదల చేయడం పొరపాటు. డీజే సెట్టు నడిపేవారు తమ పాటల వరుసను ముందుగానే సిద్ధం చేసుకుంటారు. పండుగకు మూడు, నాలుగు వారాల ముందు శుక్రవారం ఎంచుకుంటే వాళ్ల పెన్‌డ్రైవ్‌లో మీ పాటకు చోటు దొరుకుతుంది. విశ్వవిద్యాలయ పరీక్షల వారాలు, పెద్ద హీరో సినిమా పాట విడుదలయ్యే వారం తప్పించండి.

వెనక్కి లెక్కపెట్టిన పట్టిక:

- 10 వారాల ముందు: ట్యూన్, హుక్ లైన్ (పాటలో మళ్లీ మళ్లీ వచ్చి నోట నిలిచే ముక్క), వాటాల ఒప్పందం
- 8 వారాల ముందు: సాహిత్యం ఖరారు, రికార్డింగ్
- 6 వారాల ముందు: మిక్సింగ్ (గొంతు, వాయిద్యాలను సమపాళ్లలో కలపడం), బయట స్పీకర్లపై పరీక్ష
- 5 వారాల ముందు: మాస్టరింగ్ (కలిపిన పాటకు విడుదల ముందు చేసే తుది మెరుగు), ముఖచిత్రం, వీడియో చిత్రీకరణ
- 4 వారాల ముందు: డిస్ట్రిబ్యూటర్‌కు (పాటను స్పాటిఫై వంటి సేవలన్నింటికీ చేర్చే సంస్థకు) అప్‌లోడ్
- 3 వారాల ముందు: ప్లేలిస్టులకు పాటలు ఎంచే స్పాటిఫై సంపాదక బృందానికి వినతి, డ్యాన్స్ బృందాలకు స్టెప్పు
- 1 వారం ముందు: డీజేలకు ప్రతులు, చిన్న వీడియోలు సిద్ధం

పది వారాలు ఎక్కువనిపిస్తుంది. పాట చేయడానికి ఐదు వారాలు చాలు, మిగతా కాలమంతా దాన్ని శ్రోత దగ్గరకు చేర్చే పనికే పోతుంది. ఆ భాగాన్ని కత్తిరించినవారే మొదట చెప్పిన ప్రశ్న అడుగుతున్నారు.

## 2. వాటాలు ముందే కాగితం మీద పెట్టండి

స్నేహితులు కలిసి చేసే పాటలకే ఇది మరీ అవసరం. పాటకు ఆదరణ వచ్చాక "బీటు నాది", "హుక్ నేను చెప్పాను" అనే మాటలు మొదలైతే పాటా పోతుంది, స్నేహమూ పోతుంది. ట్యూన్ కుదిరిన రోజే ఒక పేజీ రాసి అందరూ సంతకాలు చేయండి.

ఆ పేజీలో ఉండాల్సినవి:

- సాహిత్యం, స్వరకల్పనలో ఎవరి వాటా ఎంత శాతం (మొత్తం 100 రావాలి)
- రికార్డింగ్ యజమాని ఎవరు, దానిపై వచ్చే ఆదాయంలో ఎవరికెంత
- గాయకులకు ఒకేసారి పారితోషికమా, ఆదాయంలో వాటానా
- పేర్లు ఏ వరుసలో, ఏ అక్షరక్రమంతో ప్రకటించాలి
- డిస్ట్రిబ్యూటర్ ఖాతా ఎవరి పేరిట ఉంటుంది

సాహిత్యానికీ స్వరానికీ ఒక హక్కు, రికార్డింగ్‌కు మరొక హక్కు. ఈ రెండింటినీ కలిపేయడమే ఎక్కువ తగాదాలకు మూలం. రచయితలు, స్వరకర్తలు తమ తరఫున రాయల్టీ వసూలు చేసే సంఘమైన ఐపీఆర్‌ఎస్‌లో సభ్యత్వం తీసుకోవాలి. గాయకులు, వాద్యకారుల కోసం అలాంటి సంఘమే ఇసామ్రా ఉంది. 2012 కాపీరైట్ సవరణ తర్వాత రచయితల, స్వరకర్తల రాయల్టీ హక్కు బలపడింది, కానీ సభ్యత్వం లేనివారి ఇంటికి ఆ డబ్బు నడిచి రాదు.

కాపీరైట్ నమోదు తప్పనిసరి కాదు, హక్కు సృష్టితోనే పుడుతుంది. వివాదం వస్తే మాత్రం నమోదు పత్రం ఉపయోగపడుతుంది. సంగీత రచనకు రుసుము 500 రూపాయలు, సౌండ్ రికార్డింగ్‌కు 2000.

పాత పాట పల్లవిని తీసుకుని కొత్త బీటు వేద్దామనుకుంటే ఆగండి. కాపీరైట్ చట్టంలోని 31సీ సెక్షన్ ప్రకారం, మొదటి రికార్డింగ్ వచ్చిన సంవత్సరం ముగిశాక ఐదు సంవత్సరాలు గడవనిదే కవర్ వెర్షన్ చేయకూడదు. గడిచినా ముందస్తు నోటీసు, రాయల్టీ తప్పవు. మొదటి సింగిల్‌కు, అంటే విడిగా వదిలే ఒక్క పాటకు, సొంత ట్యూనే క్షేమం.

## 3. వేగం, హుక్: పాట నిలిచేది ఇక్కడే

ఎంత సమయం పెట్టినా తక్కువే అనిపించే మెట్టు ఇది.

డ్యాన్స్ పాప్ సాధారణంగా నిమిషానికి 110 నుంచి 130 దెబ్బల మధ్య నడుస్తుంది. ఏ వేగమో కంప్యూటర్ ముందు కూర్చుని తేల్చవద్దు. హుక్‌ను మూడు వేగాల్లో, ఉదాహరణకు 112, 120, 128లో చేసి, నాట్యం తెలియని ముగ్గురు నలుగురిని నిలబడి వినమనండి. ఎవరూ చెప్పకుండానే పాదం కదిలే వేగం ఒకటి బయటపడుతుంది. అది మీరు ఊహించినదానికంటే తరచూ కాస్త నెమ్మదిగానే ఉంటుంది.

నాలుగు దెబ్బలు ఒక బార్. 120 వేగంలో ఒక బార్‌కు సరిగ్గా 2 సెకన్లు, ఎనిమిది బార్లకు 16. అదే 128లో ఎనిమిది బార్లకు 15 సెకన్లు. ఫోనులో చిన్న వీడియోకు చక్కగా సరిపోయే నిడివి ఇది. అందుకే హుక్‌ను ఎనిమిది బార్లలో పూర్తయ్యేలా కట్టాలి. తొమ్మిదో బార్‌లో ముగిసే హుక్ ఎంత బాగున్నా వీడియోలో మాట మధ్యలో తెగిపోతుంది.

స్పాటిఫైలో 30 సెకన్లు దాటి వింటేనే ఒక స్ట్రీమ్‌గా లెక్క. కాబట్టి హుక్ 30 సెకన్లలోపే మొదలవ్వాలి. 120 వేగంలో ఒక నిర్మాణం చూడండి:

- ఆరంభ సంగీతం: 4 బార్లు (0:08 వరకు)
- పల్లవి: 8 బార్లు (0:24)
- హుక్: 8 బార్లు (0:40)
- చరణం: 16 బార్లు (1:12)
- హుక్‌కు ఎక్కే మెట్టు: 4 బార్లు (1:20)
- హుక్ రెండు మార్లు: 16 బార్లు (1:52)
- పలకల విరామం: 8 బార్లు (2:08)
- హుక్ రెండు మార్లు: 16 బార్లు (2:40)
- ముగింపు: 4 బార్లు (2:48)

దీన్ని యథాతథంగా పాటించనక్కర్లేదు. రెండో చరణం పెట్టాలనే ఉబలాటాన్ని మాత్రం అణచుకోండి. సినిమా పాటల అలవాటు వల్ల మనకు రెండు చరణాలు లేకపోతే పాట అసంపూర్ణమనిపిస్తుంది. డ్యాన్స్ సింగిల్‌లో రెండో చరణం వచ్చేసరికి నేల మీది ఆట చల్లబడుతుంది.

జాతర దెబ్బను కలపాలంటే. పలక, పంబ దెబ్బలు ఈ నేల సొత్తు. వాటిని వాడాలని చాలామంది అడుగుతారు, వాడాలి కూడా. చిక్కు ఒకటుంది. జాతర దెబ్బలో తిశ్ర నడక తరచుగా వినిపిస్తుంది, అంటే ప్రతి దెబ్బా మూడుగా విడిపోతుంది. డ్యాన్స్ పాప్‌లో హైహ్యాట్ (డ్రమ్స్‌లోని చిన్న తాళాల శబ్దం) సాధారణంగా ప్రతి దెబ్బనూ రెండుగానో నాలుగుగానో విడదీస్తుంది. రెండూ ఒకేసారి మోగితే గజిబిజిగా వినిపిస్తుంది, ఆడేవారి అడుగు తడబడుతుంది.

పరిష్కారం సులువే. కిక్‌ను, అంటే పెద్ద డ్రమ్ము దెబ్బను, నాలుగు దెబ్బలపై అలాగే ఉంచండి. పలక వచ్చే భాగంలో హైహ్యాట్ తీసేయండి, లేదా దాన్నీ తిశ్రంలోకి మార్చండి. అడుగున మోగే మంద్ర స్వరాలు, అంటే బేస్, సుదీర్ఘ స్వరాలు పట్టాలి. అప్పుడు పలకకు పూర్తి చోటు దొరుకుతుంది.

శ్రుతి విషయంలో ఒక్క మాట. హుక్‌లోని పై స్వరం గాయకురాలికి పదిసార్లు వరుసగా పాడినా గొంతు బిగుసుకోని స్థాయిలో ఉండాలి. మూడు శ్రుతుల్లో పాడించి చూసి, ఉత్సాహం వినిపించేదాన్ని తీసుకోండి.

## 4. సాహిత్యం: అచ్చులు, ద్విత్వాలు, మర్యాద

తెలుగు మాటలు ఎక్కువగా అచ్చుతో ముగుస్తాయి. స్వరం సాగదీయడానికి ఇది వరం. దెబ్బ పడాల్సిన చోట మాత్రం మాట మెత్తబడుతుంది. అందుకే కిక్ పడే చోట ద్విత్వం ఉన్న మాట పెట్టండి: గజ్జె, దుమ్ము, చప్పట్లు, తప్పెట వంటివి. నోటికి పట్టు దొరుకుతుంది, గుంపు కలిసి పాడగలుగుతుంది.

హ్రస్వాన్ని పొడవాటి స్వరం మీద ఉంచకండి. "కల" అని రాసి రెండు దెబ్బల పాటు సాగదీస్తే విన్నవారికి "కాల" అని వినిపిస్తుంది, "వనం" కాస్తా "వానం" అవుతుంది. ట్యూన్‌లో ఎక్కడ సాగుతుందో గుర్తులు పెట్టుకుని, అక్కడ దీర్ఘం ఉన్న మాటే వెతకండి. డమ్మీ సాహిత్యం (ట్యూన్‌కు తాత్కాలికంగా పెట్టే మాటలు) రాసేటప్పుడే ఈ జాగ్రత్త తీసుకుంటే తర్వాత సగం పని తప్పుతుంది.

హుక్‌లో మాటలు ఎంత తక్కువగా ఉంటే అంత మంచిది. మన ప్రాంతం తమిళనాడు, కర్ణాటక సరిహద్దుల మీద ఉంది. కుప్పం, పలమనేరు, నగరి వైపు పెళ్లిళ్లలో మూడు భాషలవారూ ఒకే నేల మీద ఆడతారు. అర్థం తెలియకపోయినా అనగలిగే నాలుగైదు అక్షరాల ధ్వని పాటను సరిహద్దు దాటిస్తుంది.

ఇంకొకటి, ఇది గట్టిగా చెబుతున్నాను. ఈ ఊళ్లో ఉంటూ ఆటపాటల్లో, సరసపు మాటల్లో దేవుళ్ల పేర్లు వాడకండి. సంచలనం కోసం చేసేవారున్నారు. మనసులు నొప్పించి తెచ్చుకున్న వీక్షణలు రెండో పాటకు తోడు రావు.

## 5. రికార్డింగ్: గది, గొంతు, పలకలు

ఖరీదైన మైకు కంటే నిశ్శబ్దమైన గది ముఖ్యం. బట్టలతో నిండిన బీరువాలున్న గది ఎంచుకుని, గాయకుల వెనుక రెండు మందపాటి బొంతలు వేలాడదీయండి. ఫ్యాన్, ఏసీ, ఫ్రిజ్ ఆపాలి. వేసవిలో తిరుపతిలో పగలు ఫ్యాన్ లేకుండా పాడడం సాధ్యం కాదు, కాబట్టి రాత్రి పది తర్వాత పెట్టుకోండి. ఆ సమయంలో వాహనాల రొద కూడా తగ్గుతుంది. రికార్డింగ్ చేసే గదిలో యూపీఎస్ ఉంటే దాని గుర్రు మైకులోకి వస్తుంది, దాన్ని పక్క గదికి మార్చండి.

గొంతుకు:

- 48 కిలోహెర్ట్జ్, 24 బిట్
- మైకుకూ నోటికీ జానెడు దూరం, మధ్యలో పాప్ ఫిల్టర్ (నోటి గాలి మైకుకు తగలకుండా ఆపే జల్లెడ)
- అత్యధిక స్థాయి మైనస్ 10 డెసిబెల్స్ దాటకుండా
- హుక్ కనీసం నాలుగు మార్లు పూర్తిగా: రెండు మధ్యలో, ఒకటి ఎడమ, ఒకటి కుడి
- మంచినీళ్లు గోరువెచ్చగా, పాడే ముందు పెరుగన్నం వద్దు

గుంపు గొంతులకు ఐదారుగురు స్నేహితులు చాలు. మైకుకు రెండు మీటర్ల దూరంలో నిలబడి పాడించి, చోట్లు మార్చి మళ్లీ, ఇంకోసారి మళ్లీ పాడించండి. మూడింటినీ కలిపితే కళాశాల మైదానమంత గుంపు వినిపిస్తుంది.

పలకల రికార్డింగ్ బయట చేయండి. చుట్టూ గోడలు లేని మామిడి తోట అయితే బాగుంటుంది. తోట యజమానిని ముందే అడగాలి. పలకను నిప్పు సెగకు కాచి శ్రుతి పెంచుతారు, చల్లారే కొద్దీ శ్రుతి దిగుతుంది. కాబట్టి చిన్న చిన్న భాగాలుగా తీసుకుంటూ, మధ్యలో మళ్లీ కాచడానికి సమయం ఇవ్వండి. మైకు మీటరు, మీటరున్నర దూరంలో, చర్మానికి కొంచెం పక్కగా ఉండాలి. ముందు ఒక్కొక్క దెబ్బ విడిగా, తర్వాత నడక రెండు నిమిషాలు తీయండి.

కళాకారులకు కంప్యూటర్ లయ కోసం కొట్టే క్లిక్ శబ్దం వినిపిస్తూ వాయించమంటే వాయిద్యం ప్రాణం పోతుంది. ఒక చెవిలో మీ పాట కిక్‌నూ బేస్‌నూ వినిపించండి, వాళ్లే పట్టుకుంటారు. పారితోషికం అదే రోజు ఇవ్వండి, పేర్లు ఘనంగా ప్రకటించండి, వాడుకకు సంతకం తీసుకోండి. ఒక జాతరలో ఫోనుతో తీసిన దెబ్బను అడగకుండా పాటలో వేసుకోవడం దొంగతనమే.

## 6. మిక్సింగ్, మాస్టరింగ్

కిక్‌కూ బేస్‌కూ మధ్య తగువే ఇక్కడి ప్రధాన సమస్య. కిక్ బలం 50 నుంచి 60 హెర్ట్జ్ దగ్గర ఉంటే, బేస్‌కు దాని పైన చోటివ్వండి. కిక్ పడిన ప్రతిసారీ బేస్ కొద్దిగా తగ్గేలా సైడ్‌చెయిన్ పెట్టండి. 100 హెర్ట్జ్ కంటే కింద ఉన్నదంతా మోనోలో, అంటే ఎడమ కుడి తేడా లేకుండా, ఉంచాలి.

గొంతులో 200 నుంచి 400 హెర్ట్జ్ దగ్గర బరువు ఎక్కువై మాట మసకబారితే తగ్గించండి, 3 నుంచి 5 కిలోహెర్ట్జ్ దగ్గర కొద్దిగా పెంచితే మాట తెలుస్తుంది. శ, ష, స, చ అక్షరాలు చెవిలో గుచ్చుకుంటే వాటిని మెత్తబరిచే డీఎస్సర్ వాడండి.

మాస్టరింగ్‌కు ముందు 6 డెసిబెల్స్ ఖాళీ వదలండి. స్పాటిఫై, యూట్యూబ్ శబ్దాన్ని సుమారు మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్‌కు (చెవికి వినిపించే గట్టిదనపు కొలత) సరిచేస్తాయి. డ్యాన్స్ పాటలు అంతకంటే గట్టిగా మాస్టర్ చేయడం మామూలే, కానీ నొక్కి నొక్కి గట్టిగా చేసిన పాటను ఆ సేవలు తిరిగి తగ్గిస్తాయి. అప్పుడు శబ్దమూ తగ్గుతుంది, పోగొట్టుకున్న దెబ్బ బలమూ రాదు. శిఖర స్థాయి మైనస్ 1 డెసిబెల్ దాటకూడదు.

పరీక్షించే చోట్లు:

- ఫోను స్పీకరు: గొంతు, హుక్ స్పష్టంగా ఉన్నాయా? బేస్ లేకపోయినా లయ తెలుస్తోందా?
- ఆటో స్పీకరు: మాట అర్థమవుతోందా?
- కారు: బేస్ ఊగి తలుపులు అదురుతున్నాయా?
- డీజే సెట్టు: మోనోలో ఏదైనా మాయమవుతోందా?

చివరిది ఎక్కువమంది వదిలేస్తారు. చాలా డీజే సెట్లు మోనోలోనే మోగుతాయి, ఎడమ కుడి వైపు మాత్రమే వేసిన వాయిద్యాలు అక్కడ పలచబడిపోతాయి. తెలిసిన సెట్టువారిని అడిగి, బండి కట్టిన రోజు పరీక్షగా రెండు నిమిషాలు మోగించమనండి. రాత్రి పది నుంచి ఉదయం ఆరు వరకు లౌడ్‌స్పీకర్లపై నిషేధం ఉంది, పగలే చూసుకోండి.

## 7. అప్‌లోడ్: అక్షరం తప్పితే లెక్క తప్పుతుంది

- ఆడియో: వేవ్ ఫైలు, ఎంపీ3 కాదు
- ముఖచిత్రం: 3000 × 3000 పిక్సెళ్లు, ఫోను నంబరు, వెబ్ చిరునామా, ఇతర సంస్థల చిహ్నాలు లేకుండా
- పాట పేరు, కళాకారుల పేర్లు: అన్ని సేవల్లో ఒకే అక్షరక్రమం
- భాష: తెలుగు
- రచయిత, స్వరకర్త: అసలు పేర్లు
- ఐఎస్‌ఆర్‌సీ: ప్రతి రికార్డింగ్‌కు ఒకటి

ఐఎస్‌ఆర్‌సీ పన్నెండు అక్షరాల గుర్తింపు సంఖ్య. డిస్ట్రిబ్యూటరే ఇస్తుంది, కావాలంటే భారతీయ సంగీత సంస్థల సంఘమైన ఐఎంఐ ద్వారా సొంతంగానూ పొందవచ్చు. దాన్ని రాసి దాచుకోండి. ఎప్పుడైనా డిస్ట్రిబ్యూటర్ మారితే అదే సంఖ్యతో ఎక్కించాలి, లేకపోతే పాత స్ట్రీమ్‌ల లెక్క కొత్త ప్రతికి అంటదు. వాయిద్య ప్రతికీ వీడియోకూ వేర్వేరు సంఖ్యలు ఉండాలి.

మన పేర్లతో ఒక ఇబ్బంది ఉంది. ఒకే పేరున్న కళాకారులు ఎందరో ఉంటారు, మీ పాట మరొకరి పేజీలో పడవచ్చు. అప్‌లోడ్ చేసేటప్పుడే "కొత్త కళాకారుడు" అని స్పష్టంగా ఎంచుకుని, స్పాటిఫై, ఆపిల్ మ్యూజిక్ కళాకారుల ఖాతాలను సొంతం చేసుకోండి.

స్పాటిఫై సంపాదక బృందానికి వినతి విడుదలకు కనీసం ఏడు రోజుల ముందు వెళ్లాలి. అలా పంపితే మీ అనుచరుల కొత్త పాటల జాబితాలో ఆ పాట తప్పక చేరుతుంది. మూడు వారాల ముందు పంపడం నయం. వినతికి 500 అక్షరాలే చోటు. "అద్భుతమైన పాట" అని రాస్తే ఎవరికీ ఏమీ తెలియదు. వేగం, వాయిద్యాలు, పాట పుట్టిన ఊరు, ప్రచారానికి మీరు చేస్తున్న ఏర్పాట్లు రాయండి.

చిన్న వీడియోల్లో పాట ఎక్కడి నుంచి మొదలవ్వాలో సెకన్లలో ఇచ్చే వీలు కొన్ని డిస్ట్రిబ్యూటర్లు ఇస్తాయి. పై నిర్మాణంలో అయితే 0:24 ఇవ్వాలి. ఇవ్వకపోతే ఆరంభ సంగీతమే వినిపిస్తుంది, మీ హుక్ ఎవరి వీడియోలోనూ కనబడదు.

కంటెంట్ ఐడీ (మీ పాట వాడిన వీడియోలను యూట్యూబ్ తానే పట్టుకునే ఏర్పాటు) పెట్టేముందు ఒకసారి ఆలోచించండి. అందరికీ దొరికే లూప్‌లు (ముందే చేసి ఉంచిన బీటు ముక్కలు) వాడి ఉంటే వేరేవారి వీడియోలకు తప్పుడు దావాలు వెళ్తాయి, వివాదం మీ మీదకే వస్తుంది.

## 8. స్టెప్పు, వీడియో

హుక్ స్టెప్పు చీర కట్టుకున్న అత్తా, లుంగీ కట్టుకున్న మామా పెళ్లిలో వేయగలిగేలా ఉండాలి. ఎనిమిది బార్లలో నాలుగు కదలికలు చాలు. నిలువు వీడియోలో పాదాలు తరచూ తెగిపోతాయి, కాబట్టి ప్రధాన కదలిక భుజాలకు, చేతులకు ఇవ్వండి. నృత్య దర్శకుడి పేరు పాట వివరాల్లో ఉండాలి.

ఎక్కడ తీయాలన్నది పెద్ద ప్రశ్న. తిరుమల కొండపై తీయాలనే ఆలోచనే వద్దు. ఆలయంలోకి ఫోన్లకు అనుమతి లేదు, మాడ వీధుల్లో రీల్స్ తీసినా చర్యలు ఉంటాయి, డ్రోన్లు నిషేధం. చంద్రగిరి కోట పురావస్తు శాఖ రక్షణలో ఉంది, ముందస్తు అనుమతి కావాలి. తలకోన శ్రీ వేంకటేశ్వర జాతీయ ఉద్యానంలో భాగం, అక్కడ అటవీ శాఖను అడగాలి. శేషాచలం అడవుల్లో ఎర్రచందనం కాపలా గట్టిగా ఉంటుంది, అనుమతి లేకుండా సామగ్రితో వెళ్తే చిక్కుల్లో పడతారు.

మొదటి సింగిల్‌కు మామిడి తోట, మేడ మీద, అనుమతి తీసుకున్న పెళ్లి మండపం, సాయంత్రపు సంత చాలు. కాస్త వెలుగు, నలుగురు మంచి ఆటగాళ్లు ఉంటే అవే నిండుగా కనిపిస్తాయి.

## 9. విడుదల వారం, రోజువారీగా

గురువారం రాత్రి. అన్ని సేవల్లో పేజీలు తెరిచి చూడండి. పేరు, చిత్రం, సాహిత్యం సరిగా ఉన్నాయో లేదో సరిచూసుకోండి.

శుక్రవారం. ఒకే లింకు అందరికీ పంపండి. ఐదు సేవల లింకులు పంపితే ఎవరూ ఏదీ నొక్కరు. "షేర్ చేయండి" అనేకంటే "పూర్తిగా విని, నచ్చితే సేవ్ చేయండి" అనండి. చివరిదాకా వినడం, సేవ్ చేయడం, సొంత జాబితాలో కలుపుకోవడం వంటివే సిఫార్సులకు దారి తీస్తాయి.

శని, ఆదివారాలు. డ్యాన్స్ పాఠశాలలు, జిమ్‌లు, పెళ్లిళ్లు. డీజేలకు వారం ముందే ఇచ్చే ప్రతులు రెండు ఉండాలి: మొదట ఎనిమిది బార్ల బీటు ఉన్న పొడవాటి ప్రతి, వాయిద్య ప్రతి. డీజే బండి మీద ఎన్నిసార్లు మోగినా స్ట్రీమ్ లెక్కలోకి రాదు. అందుకే పాట పేరు మైకులో చెప్పమని డీజేను కోరండి. విన్నవారు ఇంటికి వెళ్లి వెతికినప్పుడు, లేదా అక్కడే షాజామ్‌తో (మోగుతున్న పాట పేరు చెప్పే యాప్) పట్టుకున్నప్పుడు అది లెక్కగా మారుతుంది. షాజామ్‌కు నగరాల వారీ జాబితాలున్నాయి, కొత్తవారికి అది మంచి తొలి మెట్టు.

సోమ, మంగళ. ఎవరెవరు మీ స్టెప్పు వేశారో చూసి, ప్రతి ఒక్కరి వీడియోనూ మీ పేజీలో పెట్టండి. కళాశాల విద్యార్థులకు ఇది ఇచ్చే సంతోషం ప్రకటనలకు పెట్టే డబ్బు ఇవ్వలేదు.

బుధ, గురువారాలు. రెండో చిన్న వీడియో వదలండి. పలకల రికార్డింగ్ దృశ్యాలు ఇందుకు బాగా పనికొస్తాయి.

డబ్బుకు స్ట్రీమ్‌లు అమ్మేవారు ఈ వారంలోనే మిమ్మల్ని వెతుక్కుంటూ వస్తారు. దగ్గరకు రానివ్వకండి. స్పాటిఫై కృత్రిమ స్ట్రీమ్‌లను తీసేస్తుంది. 2024 నుంచి మితిమీరిన కేసుల్లో పాటను బట్టి జరిమానా కూడా వేస్తోంది, దాన్ని డిస్ట్రిబ్యూటర్ మీ మీదకు మళ్లించవచ్చు. యూట్యూబ్ 2019 సెప్టెంబరు నుంచి ప్రకటనల ద్వారా వచ్చిన వీక్షణలను సంగీత చార్టుల్లో లెక్కించడం లేదు.

ఏ చార్టును గురిపెట్టాలో కూడా స్పష్టత ఉండాలి. బిల్‌బోర్డ్ హాట్ 100 అమెరికాలోని వినికిడి, రేడియో, అమ్మకాలను లెక్కిస్తుంది, మనం ఇక్కడ ఎంత విన్నా అది కదలదు. మీ గురి షాజామ్ నగర జాబితా, తెలుగు ప్లేలిస్టులు, యూట్యూబ్, స్పాటిఫైల భారత వారపు చార్టులు, ఆ వరుసలోనే.

## 10. రెండో వారం నుంచి నాలుగో వారం వరకు

లెక్కలు చూసి రోగం గుర్తించండి:

- 30 సెకన్లలోపే వెళ్లిపోతున్నారు: ఆరంభం పొడవైంది. హుక్‌తోనే మొదలయ్యే చిన్న ప్రతిని వేరే ఐఎస్‌ఆర్‌సీతో వదలండి.
- పూర్తిగా వింటున్నారు, సేవ్ చేయడం లేదు: పాట నచ్చింది, పేరు గుర్తుండటం లేదు. వీడియోల్లో పాట పేరు పెద్దగా కనిపించాలి.
- వీడియోలు బాగున్నాయి, స్ట్రీమ్‌లు లేవు: జనం మీ అధికారిక ఆడియోను కాకుండా ఎవరో ఎక్కించిన ప్రతిని వాడుతున్నారు. అధికారిక ఆడియో లింకును పిన్ చేయండి.
- డీజేలు వేస్తున్నారు, పేరు ఎవరికీ తెలియదు: పొడవాటి ప్రతి మొదట్లోనే పాట పేరు గొంతుతో పలికించండి.
- చెన్నై, బెంగళూరు నుంచి వింటున్నారు: అక్కడి తెలుగు విద్యార్థి బృందాలకు, డ్యాన్స్ పాఠశాలలకు స్టెప్పు వీడియో పంపండి.

స్పాటిఫైలో గత 12 నెలల్లో కనీసం 1000 స్ట్రీమ్‌లు దాటిన పాటకే రికార్డింగ్ రాయల్టీ లెక్కిస్తారు. మొదటి నెలలోనే ఆ గీత దాటేలా చూసుకోండి. తర్వాత డిస్ట్రిబ్యూటర్ నుంచి వచ్చే తొలి లెక్కల పత్రాన్ని ఒప్పందంలో సంతకం చేసిన ప్రతి ఒక్కరికీ పంపి, మొత్తం చిన్నదైనా వాటాల ప్రకారం అదే వారంలో పంచండి. పలకల కళాకారులకు ఆదాయంలో వాటా రాసి ఉంటే వారిది మొదట ఇవ్వండి.